రెండోసారి పేరు పిలిచినప్పుడు

మా అమ్మాయి తొమ్మిదో తరగతి చదువుతోంది. మొన్నామధ్య స్కూల్లో క్విజ్ పోటీ ఉందని పుస్తకం పట్టుకొచ్చి వంటింటి గుమ్మంలో కూర్చుంది. నేను గోంగూర ఆకు గిల్లుతూ ప్రశ్నలడగాలి, అది జవాబులు చెప్పాలి. "అమెరికా కాంగ్రెస్‌కి ఎన్నికైన మొదటి మహిళ ఎవరు?" అనడిగాను. "జెనెట్ రాంకిన్, 1916" అని టక్కున చెప్పేసింది. "ఎవరే ఆవిడ? ఏం చేసింది?" అన్నాను. "అదంతా అడగరమ్మా, పేరూ సంవత్సరం చాలు" అంది.

నిజమే, క్విజ్‌కి పేరు చాలు. నాకే చాల్లేదు. మధ్యాహ్నం పూట పని తెమిలాక ఆవిడ గురించి దొరికినదల్లా చదవడం మొదలుపెట్టాను. చదివే కొద్దీ ఆవిడ సంగతి అలా ఉంచి, నా సంగతే నాకు గుర్తుకొచ్చి గుచ్చుకోవడం మొదలైంది. అదేమిటో తర్వాత చెప్తాను. ముందు ఆవిడ కథ వినండి.

జెనెట్ రాంకిన్ 1880లో అమెరికాలోని మోంటానాలో, మిజూలా ఊరి దగ్గర పుట్టింది. తండ్రి కెనడా నుంచి వలస వచ్చినవాడు. తల్లి పెళ్ళికి ముందు బడిపంతులమ్మ. ఇంటికి పెద్ద కూతురు కాబట్టి తమ్ముణ్ణీ చెల్లెళ్ళనీ సాకడం, ఇంటి పనీ పొలం పనీ చూడడం అన్నీ ఆమె మీదే పడ్డాయి. తండ్రి అద్దెకివ్వాలనుకున్న ఇంటి ముందు కాలిబాట లేదంటే, చెక్కలు తెచ్చి తనే మేకులు కొట్టి బాట వేసేసిందని చెబుతారు. 1902లో జీవశాస్త్రంలో డిగ్రీ తీసుకుంది. ఆ తర్వాత? టీచరుగా చేసింది, బట్టలు కుట్టింది, న్యూయార్క్ వెళ్ళి సమాజసేవలో చదువుకుంది. ఏదీ కుదురుగా సాగలేదు. డిగ్రీ చేతిలో పట్టుకుని ఏం చేయాలో తోచని ఆ రోజులు మనలో చాలామందికి పరిచయమే కదా!

ఆమెకి దారి చూపించింది ఓటు హక్కు ఉద్యమం. 1910లో వాషింగ్టన్ రాష్ట్రంలో ఆడవాళ్ళకి ఓటు కోసం జరిగిన ప్రచారంలో పనిచేసింది, ఆ ప్రచారం గెలిచింది. తిరిగొచ్చి 1911లో మోంటానా శాసనసభలో నిలబడి మాట్లాడింది. ఊరూరూ తిరిగింది. 1914లో మోంటానా స్త్రీలకి ఓటు వచ్చింది. రెండేళ్ళు తిరిగేసరికి, 1916లో, రిపబ్లికన్ పార్టీ తరఫున అమెరికా ప్రతినిధుల సభకి ఎన్నికైంది. ఒక్కసారి ఆలోచించండి, అప్పటికి అమెరికా దేశం మొత్తం మీద ఆడవాళ్ళకి ఓటు హక్కు లేదు. ఆ హక్కు వచ్చింది 1920లో. ఓటు లేని స్త్రీలు కోట్లలో ఉన్న దేశంలో, చట్టం చేసే సభలో ఒక స్త్రీ!

పత్రికలకి పండగే అయింది. ఆవిడ చట్టాల గురించి ఏమనుకుంటోందో అడిగిన వాళ్ళు తక్కువ. జుట్టు ఏ రంగు, ఏ గౌను వేసుకుంటుంది, టోపీ ఎలాంటిది, వంట వచ్చా, ఎందుకు పెళ్ళి చేసుకోలేదు... ఇవీ వార్తలు. వందేళ్ళయినా ఈ జబ్బు పూర్తిగా నయం కాలేదు. ఇప్పుడూ మంత్రిణిగారి చీర గురించి రాసినంత వివరంగా ఆవిడ శాఖ గురించి రాస్తున్నారా?

ఇక అసలు సంగతికి వస్తాను. 1917 ఏప్రిల్ 2న ఆమె సభలో అడుగుపెట్టింది. సరిగ్గా ఆ రోజు సాయంత్రమే అధ్యక్షుడు విల్సన్ వచ్చి జర్మనీ మీద యుద్ధం ప్రకటించమని సభని అడిగాడు. కొత్త కోడలు గృహప్రవేశం చేసిన రోజే ఇంట్లో ఆస్తి తగాదా తీర్పు చెప్పమన్నట్టుంది కదూ! నాలుగు రోజులు గడువు. ఆ నాలుగు రోజులూ ఆమె మీద అన్ని వైపుల నుంచీ ఒత్తిడి. ప్రచారానికి అండగా నిలిచిన సొంత తమ్ముడు, లాయరు, మగవాళ్ళు వేసినట్టే ఓటు వెయ్యమన్నాడు. ఓటు ఉద్యమంలోని స్త్రీలే రెండుగా చీలిపోయారు. కొందరు, నువ్వు యుద్ధం వద్దంటే ఆడవాళ్ళకి దేశభక్తి లేదంటారు, మన ఓటు హక్కు ఆగిపోతుంది అన్నారు. కొందరు, ఆడవాళ్ళు యుద్ధానికి సరేననకూడదు అన్నారు.

ఎవరికి వాళ్ళు చెప్పినదాంట్లో న్యాయం ఉంది. కానీ నాకు బాధనిపించిన విషయం ఒకటుంది. సభలో నాలుగు వందల పైచిలుకు మగవాళ్ళు ఎవరి తరఫున వాళ్ళు ఓటు వేస్తున్నారు. వాళ్ళు తప్పు చేస్తే మగజాతి అంతా తలదించుకోవాలని ఎవరూ అనలేదు. ఈమె ఒక్కతె మాత్రం లోకంలోని ఆడవాళ్ళందరి పరువూ మూటగట్టి నెత్తిన పెట్టుకుని నిలబడాలి. "నీవల్ల మన ఇంటి ఆడపిల్లలందరికీ చెడ్డపేరు" అనే మాట వినకుండా పెరిగిన ఆడపిల్ల మనలో ఉందా?

ఏప్రిల్ 6 తెల్లవారుజామున దాదాపు మూడు గంటలకి ఓటింగు. సభలో ఒక్కొక్కరి పేరూ పిలుస్తారు. మొదటిసారి ఆమె పేరు పిలిచినప్పుడు ఆమె పలకలేదు. మౌనంగా కూర్చుంది. పాత స్పీకరు ఒకాయన, పెద్దమనిషి, దగ్గరికొచ్చి నువ్వు ఈ దేశపు స్త్రీలకి ప్రతినిధివి, ఓటు వెయ్యకుండా ఉండడానికి వీల్లేదు అని చెప్పాడట. పలకని వాళ్ళ పేర్లు రెండోసారి పిలవడం సభ పద్ధతి. రెండోసారి పిలిచినప్పుడు ఆమె లేచి నిలబడింది. నా దేశం వెంట నిలబడాలని ఉంది, కానీ యుద్ధానికి ఓటు వేయలేను అంది. ఓటు చెప్పేటప్పుడు వ్యాఖ్యానం చేయకూడదన్నది సభ ఆచారం. ఆ ఆచారాన్నీ దాటేసింది.

అవునన్నవాళ్ళు 373 మంది. కాదన్నవాళ్ళు 50 మంది. అంటే, ఆమెతోపాటు 49 మంది మగవాళ్ళు కూడా కాదన్నారు. సెనేట్‌లో మరో ఆరుగురు అప్పటికే కాదన్నారు. మరి మర్నాడు చర్చంతా ఎవరి గురించి? జెనెట్ రాంకిన్ ఏడ్చింది, వెక్కి వెక్కి ఏడ్చింది, ఆడది కదా గుండె గట్టిది కాదు... ఇదీ ప్రచారం. ఆ రాత్రి సభలో కన్నీళ్ళు పెట్టుకున్న మగవాళ్ళు కూడా ఉన్నారు. యుద్ధానికి ఓటు వేసిన లగార్డియా అనే సభ్యుడిని, ఆమె ఏడ్చిందా అనడిగితే, నా కళ్ళలోనే నీళ్ళు నిండి ఉన్నాయి, ఆమె కళ్ళు నాకెలా కనిపిస్తాయి అన్నాడట. ఈయనే తర్వాత న్యూయార్క్ నగరానికి మేయరయ్యాడు.

నేను ఈ వ్యాసం రాయడానికి కారణం ఇదే. 49 మంది కాదంటే అది అభిప్రాయం. ఒక్క ఆడమనిషి కాదంటే అది ఏడుపు. వాళ్ళతో వాదించి గెలవాలి. ఈమెను ఓదార్చి కూర్చోబెడితే చాలు. మనం కాదన్న ప్రతిసారీ "ఎందుకలా ఆవేశపడతావ్? ముందు కాసిని మంచినీళ్ళు తాగు" అంటారు చూడండి, ఆ మంచినీళ్ళ గ్లాసు వయసు కనీసం వందేళ్ళు!

ఆమె ఒక్క ఓటు వేసి ఊరుకున్న మనిషి కాదు. ప్రభుత్వ నోట్లు ముద్రించే ప్రెస్సులో ఆడవాళ్ళ చేత ఎనిమిది గంటల నియమం గాలికొదిలేసి ఎక్కువ గంటలు పని చేయిస్తున్నారని తెలిసి, స్వయంగా విచారణ చేయించి మళ్ళీ ఎనిమిది గంటలు అమలయ్యేలా చూసింది. 1917 జూన్‌లో మోంటానాలోని బ్యూట్ రాగి గనిలో మంటలు లేచి 168 మంది చనిపోతే, కార్మికుల పక్షాన నిలబడి పెద్ద గని కంపెనీతో విరోధం తెచ్చుకుంది. 1918 జనవరిలో స్త్రీల ఓటు హక్కు సవరణ మీద ప్రతినిధుల సభలో చర్చ ప్రారంభించింది ఆమే. ఆ రోజు 274 మంది అవును, 136 మంది కాదు అన్నారు. సభలో నెగ్గింది, సెనేట్‌లో వీగిపోయింది. తల్లులకీ పసిపిల్లలకీ ప్రభుత్వం తరఫున వైద్య సాయం అందాలని అదే ఏడాది బిల్లు పెట్టింది. అదే తర్వాత ఇతరుల పేరుతో 1921లో చట్టమైంది. అప్పటికి ఆమె సభలో లేదు.

ఎందుకు లేదంటారా? ఆమె గెలిచిన రాష్ట్రాన్ని రెండు నియోజకవర్గాలుగా చీల్చారు. ఆమె భాగం ఎదుటి పార్టీ బలంగా ఉన్న వైపు పడింది. సరే, సెనేట్‌కే పోటీ చేస్తానని 1918లో నిలబడి ఓడిపోయింది. 1919లో ఓటు హక్కు సవరణ చివరికి ఉభయ సభల్లోనూ నెగ్గిన రోజున అక్కడ ఒక్క స్త్రీ కూడా లేదు! పెళ్ళి పందిరి వేసిన మనిషి పెళ్ళి భోజనానికి లేనట్టయింది.

మళ్ళీ ఆమె కాంగ్రెస్‌లో అడుగు పెట్టడానికి ఇరవై రెండేళ్ళు పట్టింది. ఆ మధ్యకాలంలో జార్జియా రాష్ట్రంలో చిన్న ఇల్లు చూసుకుని, కరెంటూ కుళాయీ లేకుండా బతుకుతూ, శాంతి ఉద్యమాల్లో తిరిగింది. 1940లో, అరవై ఏళ్ళ వయసులో, దేశాన్ని యుద్ధానికి దూరంగా ఉంచుతానని చెప్పి మోంటానా నుంచి మళ్ళీ గెలిచింది.

1941 డిసెంబరు 7న జపాన్ పెర్ల్ హార్బర్ మీద బాంబులు వేసింది. రెండు వేల నాలుగు వందల మందికి పైగా చనిపోయారు. మర్నాడే సభలో ఓటింగు. ఆమె మాట్లాడాలని లేస్తే స్పీకరు అవకాశం ఇవ్వలేదు. కనీసం ఏకగ్రీవం అనిపించుకుందాం, ఓటు మార్చుకో అని తోటి సభ్యులు బతిమాలారు. ఆమె మార్చుకోలేదు. ఆడదాన్ని కాబట్టి నేను యుద్ధానికి వెళ్ళలేను, మరొకర్ని పంపడానికి ఒప్పుకోను అంది. 388 మంది అవును. ఒకే ఒక్కరు కాదు. ఈసారి ఆ 49 మంది కూడా లేరు. బయటికొస్తే జనం మీద పడతారని టెలిఫోన్ బూత్‌లో దూరి తలుపేసుకుని, పోలీసులకి ఫోన్ చేస్తే వాళ్ళొచ్చి ఆఫీసుకి చేర్చారు. మోంటానా మొత్తం నీకు ఎదురు తిరిగిందని తమ్ముడు కబురు చేశాడు. మూడు రోజుల తర్వాత జర్మనీ, ఇటలీల మీద ఓటింగు జరిగినప్పుడు ఆమె అవునూ అనలేదు, కాదూ అనలేదు. "హాజరు" అని మాత్రం చెప్పింది. 1942లో మళ్ళీ పోటీ చెయ్యలేదు.

ఏమాటకామాట చెప్పుకోవాలి. 1941 నాటి ఆమె ఓటుతో నేను ఏకీభవించను. ఇంటి మీద బాంబులు పడ్డాక, అవతల హిట్లర్ లాంటివాడు దేశాల్ని మింగుతూ ఉంటే, యుద్ధం వద్దని కూర్చుంటే ఎవరు మిగులుతారు? ఆ సభలో నేనుంటే అవుననే అనేదాన్ని. కానీ ఆమె ఓట్లడిగినప్పుడు ఏం చెప్పిందో సభలో అదే చేసింది. మనం ఎన్నుకున్న వాళ్ళలో ఆ పని చేసినవాళ్ళ పేర్లు మీకెన్ని గుర్తున్నాయి? అప్పట్లో విలియం అలెన్ వైట్ అనే పేరున్న సంపాదకుడు, ఆమెతో మేము బొత్తిగా ఏకీభవించం, అయినా అది ఎంత ధైర్యమైన పని అని తన పత్రికలో రాశాడు. విభేదిస్తూనే గౌరవించడం అంటే అది. ఆమె ఏడ్చిందనలేదాయన.

ఇప్పుడు నా సంగతి. పదేళ్ళ కిందట మా బావగారి రెండో అమ్మాయికి సంబంధం వచ్చింది. పిల్ల అప్పుడు డిగ్రీ రెండో ఏడాది. అబ్బాయికి ఉద్యోగం, సొంత ఇల్లు. కాకపోతే చదువు ఆపేసి ముహూర్తం పెట్టేయాలన్నారు. హాల్లో అందరూ కూర్చున్నారు. మా మావయ్యగారు వరసగా ఒక్కొక్కర్నీ "నువ్వేమంటావురా?" అనడుగుతూ వచ్చారు. కొడుకులయ్యారు, అల్లుళ్ళయ్యారు, పక్కింటాయన కూడా అయ్యారు. "కోడళ్ళకేముంది, మనం ఏదంటే అదే" అని ఆయనే నవ్వేశారు. నేను కాఫీ గ్లాసుల పళ్ళెం పట్టుకుని గుమ్మంలో ఉన్నాను. లోపల గదిలోంచి ఆ పిల్ల నా వైపు చూసింది. డిగ్రీ చదివిన పిన్ని కదా, కథలు రాసే పిన్ని కదా, ఒక్కమాట అంటుందని చూసింది. నేను అనలేదు. గ్లాసులు అందించాను.

మౌనం అర్ధాంగీకారం అంటారు. ఆడవాళ్ళ విషయంలో సగం కాదు, అది పూర్తి అంగీకారమే. ఆ పిల్ల కాపురం చెడిపోయిందని చెప్పను. ఇద్దరు పిల్లలు, భర్త చెడ్డవాడు కాదు. కానీ పుట్టింటికొచ్చినప్పుడు ఒకసారి పెరట్లో బట్టలారేస్తూ, "పిన్నీ, ఆ రోజు నువ్వయినా ఒక్కమాట అనుంటే బావుండేది" అంది. కోపంగా కాదు, మామూలుగానే అంది. అందుకే అది ఇప్పటికీ మానలేదు.

మొన్న మావయ్యగారి సంవత్సరీకాలకి అందరం కలిశాం. అప్పుడా అమ్మాయి, సార్వత్రిక విశ్వవిద్యాలయంలో చేరి ఆగిపోయిన డిగ్రీ పూర్తి చేస్తానని మెల్లిగా బయటపెట్టింది. ఇరవై తొమ్మిదేళ్ళొచ్చాయి, ఇప్పుడేం చదువు, పిల్లల్నెవరు చూస్తారు అని తలా ఒకమాట అన్నారు. నా పేరు ఈసారీ ఎవరూ పిలవలేదు. అయినా నేనే లేచి, "చదవాలి బావగారూ. ఫీజు నేను కడతాను, పరీక్షలప్పుడు పిల్లల్ని నేను చూసుకుంటాను" అన్నాను. గొంతు వణికింది. ఇంకేముంది, "రచయిత్రి కదా, ఇదీ ఒక కథ చేస్తుంది" అని ఒకరు నవ్వారు. మావారు పక్కకొచ్చి "ఎందుకంత ఎమోషనల్ అవుతావ్?" అన్నారు. నాకు ఆ రాత్రి సభలో కూర్చున్న రాంకిన్ గుర్తొచ్చింది. గొంతు వణికినంత మాత్రాన చెప్పిన మాట అభిప్రాయం కాకుండా పోతుందా?

మన లోక్‌సభలో, శాసనసభల్లో మూడోవంతు సీట్లు స్త్రీలకివ్వాలని 2023లో రాజ్యాంగ సవరణ చేశారు. సంతోషం. ఆ సీట్లలో ఎవరు కూర్చున్నా, సొంతగొంతుతో అవునో కాదో చెప్పే అలవాటు ముందు మన ఇళ్ళలోనే నేర్చుకోవాలి. ఇంట్లో పదిమంది మధ్య కాదనడం రాని మనం, సభలో వందల మంది మధ్య ఎలా అంటాం?

రాంకిన్ చివరి రోజుల సంగతి కూడా చెప్పాలి. గాంధీగారి మార్గం తెలుసుకోవాలని 1946 మొదలు 1971 దాకా ఏడుసార్లు మన దేశానికి వచ్చింది. 1968లో, 87 ఏళ్ళ వయసులో, వియత్నాం యుద్ధం ఆపమంటూ వేల మంది స్త్రీలతో వాషింగ్టన్‌లో ఊరేగింపు నడిపించింది. 1973లో, 92 ఏళ్ళకి కన్నుమూసింది. ఒకప్పుడు ఆమెను ఓడించిన మోంటానాయే 1985లో ఆమె విగ్రహాన్ని అమెరికా పార్లమెంటు భవనంలో పెట్టించింది. యుద్ధానికి ఓటు వేయలేనన్న ఆమె మాటే ఆ విగ్రహం కింద చెక్కారు.

విగ్రహం కంటే నాకు నచ్చింది ఆమె వీలునామా. తన ఆస్తిలో కొంత, వయసు వచ్చి పనిలేక ఉన్న స్త్రీ కార్మికులకి ఉపయోగపడాలని రాసింది. జార్జియాలోని ఆమె ఇల్లూ స్థలం అమ్మితే వచ్చిన 16 వేల డాలర్లతో 1976లో ఒక నిధి మొదలైంది. పేదరికంలో ఉన్న, ముప్పై అయిదేళ్ళు దాటిన స్త్రీలు మళ్ళీ చదువుకోవడానికి ఆ నిధి నుంచి స్కాలర్‌షిప్పులు ఇస్తూ వచ్చారు. ముప్పై అయిదు దాటాక! మన దగ్గర ఆ వయసుకి ఆడదానికి ఏం మిగిలిందంటే, పిల్లల చదువులు మిగిలాయంటాం.

ఆ మాట మా బావగారికీ చెప్పాను. ఆయన వెంటనే ఏమీ అనలేదు. ఇంకా ఏదీ తేలలేదు. దరఖాస్తు ఫారం మాత్రం ఆ అమ్మాయి నింపి నాకు చూపించింది.

అన్నట్టు, మా అమ్మాయి క్విజ్‌లో రాంకిన్ ప్రశ్న రాలేదు. "అంత చదివావు, దండగైపోయిందమ్మా" అంది. దండగ కాలేదనే నేననుకుంటున్నాను. మొదటిసారి పిలిచినప్పుడు పలకలేకపోయిన వాళ్ళం మనలో చాలామందిమే ఉంటాం. రెండోసారి పిలిస్తే, పిలవకపోయినా, ఏం చెప్తామన్నదే ఇప్పుడు నా ప్రశ్న. మరి మీరేమంటారు?